కాపీ కొట్టడం వేరు, ప్రతి తీయడం వేరు

ముప్ఫై రెండేళ్ళు తెలుగు పండితుడిగా బడిలో పనిచేసినవాణ్ణి. పబ్లిక్ పరీక్షల రోజుల్లో కంపాసు పెట్టెల అడుగునుంచీ, చొక్కా చేతుల మడతల్లోనుంచీ చీటీలు లాగిన చేతులివి. పదవీ విరమణ జరిగి ఏళ్ళు గడిచినా 'కాపీ' అన్న మాట చెవిన పడగానే నాలోని ఇన్విజిలేటరు దిగ్గున లేచి నిలబడతాడు. అందుకే పోయిన వేసవిలో మా అబ్బాయి "నాన్నా, పాత గేము డిస్కులన్నీ కంప్యూటర్లోకి కాపీ చేసి పెడదామనుకుంటున్నా" అన్నప్పుడు నేనడిగిన మొదటి ప్రశ్న "అది తప్పు కాదట్రా?" అని. వాడు నవ్వి ఊరుకున్నాడు. నవ్వు సమాధానం కాదు కనుక నేనే కూర్చుని చదివాను, తెలిసినవాళ్ళను అడిగాను, చివరికి పక్కన కూర్చుని ఆ పనీ చేశాను. ఇప్పుడు నా అభిప్రాయం ఇది: సొంత డబ్బు పెట్టి కొన్న డిస్కుకు ప్రతి తీసుకోవడం తప్పు కాదు. తీయకుండా వదిలేయడమే తప్పు. దీనితో ఏకీభవించనివారు ఉంటారని తెలుసు. వారి వాదంలో నిజం ఎంత ఉందో కూడా చెబుతాను.

సంగతి అటక మీది అట్టపెట్టెతో మొదలయింది. మా అబ్బాయి 2008లో మొదటి జీతంతో కొనుక్కున్న ప్లేస్టేషన్ 2 అందులో ఉంది. దానితోపాటు నలభై దాకా డిస్కులు. ఇందులో దాపరికం ఎందుకు? వాటిలో ముప్పాతిక వంతు ఫుట్‌పాత్ సరుకు. ఆ రోజుల్లో మన ఊళ్ళలో యంత్రం కొన్న వారానికే దానికి 'చిప్పు' వేయించడం, ప్లాస్టిక్ సంచీలో డిస్కులు తెచ్చుకోవడం లోకాచారం. అవి పోగా పదకొండు మాత్రం అసలైనవి, పెట్టెతో, పుస్తకంతో సహా ఉన్నవి. ఆ పదకొండింటిలో ఒకటి నా కోరిక మీద కొన్నది. దాని పేరు 'హనుమాన్: బాయ్ వారియర్'.

ఈ హనుమంతుడి గురించి కొంత చెప్పాలి. 2009లో ప్లేస్టేషన్ 2 కోసం వచ్చిన ఈ ఆటను తయారుచేసినది హైదరాబాదులోని అరోనా టెక్నాలజీస్ అనే సంస్థ. ప్రచురించినది సోనీ. ఇంటి టీవీకి తగిలించి ఆడే కన్సోల్ కోసం పూర్తిగా మన దేశంలోనే తయారైన మొదటి ఆట అని దానికి పేరు. దేవుణ్ణి మీటలు నొక్కి ఆడిస్తారా అని అమెరికాలోని కొందరు హిందువులు అప్పట్లో అభ్యంతరం చెప్పారు. తోలుబొమ్మలాటలో హనుమంతుణ్ణి కర్రపుల్లలతో ఆడించిన జాతికి చెందినవాణ్ణి కనుక నాకు ఆ అభ్యంతరం అర్థం కాలేదు. అదే ఏడాది హైదరాబాదుకే చెందిన గేమ్‌శాస్త్ర అనే సంస్థ కబడ్డీ వంటి మన ఆటలతో 'దేశీ అడ్డా' తయారుచేసింది. ఈ రెండూ గొప్ప ఆటలని నేను అనను. ఆడినవాళ్ళూ అనలేదు. కాని మొదటివి గొప్పవిగా ఉండాలన్న నియమం ఎక్కడా లేదు. తెలుగునేల మీద కూర్చుని మన పిల్లలు ఒక కొత్త విద్యలో వేసిన తప్పటడుగులవి.

ఆ తప్పటడుగులు ఇప్పుడు ఎక్కడున్నాయి? పుస్తకమయితే 1954 నాటి చట్టం ప్రకారం ప్రచురణకర్త ఒక ప్రతిని కలకత్తా జాతీయ గ్రంథాలయానికీ, మరికొన్నింటిని నిర్ణయించిన ఇతర గ్రంథాలయాలకూ పంపాలి. ఆ చట్టంలో పుస్తకాలూ, వార్తాపత్రికలూ ఉన్నాయి. ఆట డిస్కు లేదు. కనుక ఈ ఆటలు ఎవరి ఇంట అటక మీద ఉంటే అక్కడే ఉన్నట్టు. అటక మీద ఏం జరుగుతుందో పండితులకు కొత్తగా చెప్పనక్కరలేదు.

తాళపత్రం శాశ్వతమని మన పెద్దలెవరూ భ్రమపడలేదు. చెద తింటుంది, రామబాణపు పురుగు తొలుస్తుంది, తడి తగిలితే ఆకులు అంటుకుపోతాయి, ఎండితే విరుగుతాయి. అందుకే పాతది పొడి కాకముందే కొత్త ఆకుల మీదికి ఎక్కించేవారు. మనకు నన్నయ దక్కాడంటే నన్నయ కాలపు ఆకులు మిగిలి కాదు. తరతరాల లేఖకులు నడుము వంచి ఎత్తిరాసినందువల్ల దక్కాడు. ఎత్తిరాసేవాడు లేనివి పోయాయి. శ్రీనాథుడు తొలి వయసులో రాసినట్టు తానే చెప్పుకున్న మరుత్తరాట్చరిత్ర ఏదీ? శాలివాహన సప్తశతి ఏదీ? పేర్లు మిగిలాయి. అంతటివాడి కావ్యాలకే ఆ గతి పట్టింది. బ్రౌను దొర కడపలో సొంత ఖర్చుతో పండితులనూ లేఖకులనూ పెట్టి ప్రతులు రాయించకపోతే, పాఠాలు సరిచూపించకపోతే, ఇంకెన్ని పేర్లు మాత్రమే మిగిలేవో. ఆ లేఖకులను ఎవరూ 'కాపీ కొట్టారు' అనలేదు. ప్రతి తీశారు అన్నారు. ఈ రెండు మాటల మధ్య ఉన్న దూరమే నేను చెప్పదలచుకున్నదంతా.

డిస్కు మాత్రం తాటాకు కంటే గట్టిదని మనం అనుకుంటాం. నేనూ అనుకున్నాను. చదివాక తెలిసింది, సీడీ అంటే 1.2 మిల్లీమీటర్ల మందం గల ప్లాస్టిక్ బిళ్ళ. దానికి పైన అద్దంలా మెరిసే అల్యూమినియం పూత, ఆ పూత మీద సన్నని లక్క వంటి పొర, దాని మీద బొమ్మ. మనమందరం అడుగువైపు గీతలకు భయపడి బొమ్మవైపు నేలకు ఆనించి పెడతాం. నిజానికి సీడీకి బొమ్మవైపే ప్రమాదం. అక్కడ పొర పలుచన. ఒక్క గీటు పడి పూత లేచిపోతే ఇక చదవడానికి అక్షరమే లేదు. గీటు పడకపోయినా పొరలోకి గాలీ తేమా చేరితే అల్యూమినియం మెల్లగా చెడుతుంది. డిస్కును ఎత్తి దీపానికి అడ్డం పెట్టి చూస్తే సూదిబెజ్జాల్లా వెలుతురు చుక్కలు కనిపిస్తాయి. నేను అలా చూసిన వాటిలో రెండింటికి చుక్కలున్నాయి. వాటిలో పురుగు తినని తాటాకునే చూశాను.

అయితే ఈ డిస్కులు తయారుచేసినవారు మన వేదపండితుల వంటి జాగ్రత్తపరులు. పదపాఠం చాలదని క్రమపాఠం, జటాపాఠం, ఘనపాఠం అంటూ ఒకే మంత్రాన్ని ముందుకూ వెనక్కూ అల్లి వల్లించారు కదా, ఒక చోట నాలుక తడబడితే మరొక చోట పట్టుబడాలని! సీడీలోనూ సమాచారాన్ని వరుసగా పేర్చరు. ముక్కలు ముక్కలుగా విడదీసి దూరదూరంగా అల్లుతారు, సరిదిద్దుకునే అంకెలను తోడు చేస్తారు. అందువల్ల సుమారు రెండున్నర మిల్లీమీటర్ల గీత పడినా పోయిన భాగాన్ని మిగిలినదాన్నుంచి యంత్రం లెక్కకట్టి పూరించుకుంటుంది. అంతకు మించితే ఎంత ఘనాపాఠీ అయినా చేయగలిగింది లేదు.

ఇక ప్రతి తీసే పని. 1994 డిసెంబరులో జపానులో వచ్చిన తొలి ప్లేస్టేషన్ డిస్కులు సీడీలే. మామూలు కంప్యూటర్ డ్రైవు వాటిని చదువుతుంది. కాని ఇక్కడొక మెలిక. సీడీలో ఒక్కొక్క గడి, అంటే సెక్టారు, 2352 బైట్లు. సాధారణంగా మనం చేసే ఐఎస్ఓ ప్రతిలోకి అందులోంచి 2048 బైట్ల సరుకు మాత్రమే వస్తుంది. లెక్కలూ పట్టీలూ ఉండే గడులకు అది చాలు. కాని ఆటలో కదిలే బొమ్మలూ పాటలూ ఉండే కొన్ని గడుల్లో 2324 బైట్ల సరుకు ఉంటుంది. ఐఎస్ఓ ప్రతిలో ఆ మిగులు తెగిపోతుంది. విడి పాటలుగా ఉన్న సంగీతమయితే అసలు రానే రాదు. అందుకని గడి మొత్తాన్ని ఉన్నదున్నట్టు ఎత్తి, ఏ పాట ఎక్కడ మొదలవుతుందో చెప్పే చిన్న పట్టికతో కలిపి, 'బిన్', 'క్యూ' అనే జంట ఫైళ్ళుగా దాచాలి. పద్యం ఎత్తిరాసి వచనం వదిలేస్తే అది చంపువు కానట్టే, సగం గడి ఎత్తితే అది ప్రతి కాదు. ప్లేస్టేషన్ 2 డీవీడీలకు ఈ చిక్కు లేదు, ఐఎస్ఓ సరిపోతుంది. సెగా వారి డ్రీమ్‌కాస్ట్ జీడీరామ్ అయితే మామూలు డ్రైవుకు లొంగదు, దానికి వేరే తంత్రం కావాలి. మా ఇంట అది లేదు కనుక ఆ ఊసు వద్దు.

తీసిన ప్రతి సరైనదని ఎలా తెలుస్తుంది? ఈ ప్రశ్నే నాకు అన్నిటికంటే నచ్చింది, ఎందుకంటే ఇది మా శాఖ ప్రశ్న. తెలుగు పద్యానికి యతీ ప్రాసా గణాలూ అలంకారానికే అని పిల్లలు అనుకుంటారు. ఎత్తిరాసేటప్పుడు ఒక అక్షరం జారితే గణం తప్పుతుంది, రెండో అక్షరం మారితే ప్రాస పట్టిస్తుంది. ఛందస్సు పద్యానికి కాపలాదారు. వచనానికి ఆ కాపలా లేదు గనుక పూర్వులు ముప్ఫై రెండు అక్షరాలను ఒక 'గ్రంథం'గా లెక్కపెట్టి, పుస్తకం చివర గ్రంథసంఖ్య వేసేవారు. సంఖ్య తేడా వస్తే ఎక్కడో ఏదో జారిందన్నమాట. కంప్యూటరువారూ సరిగ్గా ఇదే చేస్తారు. ఫైలు మొత్తాన్ని ఒక సూత్రంలో వేసి నలిపితే చివర ఒక చిన్న ముద్ర మిగులుతుంది. లోపల ఒక్క బైటు మారినా ముద్ర మారిపోతుంది. ఆ ముద్రల్లో ఎండీ5 అనే దాని పొడవు ముప్ఫై రెండు అక్షరాలు! కాకతాళీయమే, కాని చూసి ఆ పూటంతా సంతోషించాను. లోకంలోని ఔత్సాహికులు రీడంప్ అనే పేరుతో తమ తమ డిస్కులకు ప్రతులు తీసి ఈ ముద్రలను పోల్చి భద్రపరుస్తున్నారు. ఇద్దరు వేర్వేరు డిస్కుల నుంచి తీసిన ప్రతులకు ఒకే ముద్ర వస్తే పాఠం స్థిరపడినట్టు. పాఠపరిష్కరణ అంటే ఇంతకంటే ఏముంది?

ప్రతి ఉంటే చాలదు, చదివేవాడు కావాలి. పాత యంత్రంలా కంప్యూటరు చేత నటింపజేసే ప్రోగ్రామును ఎమ్యులేటర్ అంటారు. దీనికి తెలుగు మాట కోసం కొందరు 'అనుకరణి' అంటున్నారు. మన అలంకారశాస్త్రంలో సిద్ధంగా ఉన్న మాట 'అనుకర్త'. రాముడు అనుకార్యుడు, రంగం మీది నటుడు అనుకర్త. నటుడు రాముడు కానక్కరలేదు, రాముడు చేసిన పని చేస్తే చాలు. ఈ అనుకర్త మీదే 1999లో పెద్ద వ్యాజ్యం నడిచింది. కనెక్టిక్స్ అనే సంస్థ ప్లేస్టేషన్ ఆటలను మాకింటోష్ కంప్యూటర్ల మీద ఆడించే ప్రోగ్రాము తెస్తే సోనీ కోర్టుకెక్కింది. 2000 ఫిబ్రవరిలో అమెరికా తొమ్మిదో సర్క్యూట్ అప్పీళ్ళ న్యాయస్థానం కనెక్టిక్స్ పక్షాన తీర్పు చెప్పింది. యంత్రం లోపలి ప్రోగ్రామును అర్థం చేసుకోవడానికి మధ్యలో ప్రతులు తీయడం న్యాయసమ్మతమైన వినియోగమే అన్నది. గెలిచిన కనెక్టిక్స్ నుంచి మరుసటి ఏడాది సోనీయే ఆ ప్రోగ్రామును కొని మూలపడేసింది. ఇక్కడితో కథ అయిపోలేదు. 2018 డిసెంబరులో అదే సోనీ 'ప్లేస్టేషన్ క్లాసిక్' అనే బుల్లి యంత్రాన్ని అమ్మింది. దాని లోపల పాత ఆటలను ఆడించినది పీసీఎస్ఎక్స్ రీఆర్మ్‌డ్, ఔత్సాహికులు ఉచితంగా రాసిపెట్టిన అనుకర్త! నిన్న దొంగ అన్నవాణ్ణే నేడు వంటవాడిగా పెట్టుకున్నట్టు ఉంది.

ప్రతులు దాచడం కంపెనీల పని, మనకెందుకు అనేవారున్నారు. కంపెనీలు దాచుకోగలిగితే మంచిదే. 2012లో 'సైలెంట్ హిల్' ఆటలను కొత్తగా ముస్తాబు చేయబోతే, కొనామి సంస్థ దగ్గర తుది మూలప్రతి లేదు. అసంపూర్ణమైన ప్రతిని పట్టుకుని పని చేయవలసి వచ్చింది. లక్షల డిస్కులు జనం ఇళ్ళలో ఉన్నాయి, మూలం మాత్రం కన్నవారింట లేదు. కవి ఇంట ప్రతి లేక శిష్యుడి ఇంట దొరికిన కథలు మనకు తెలియనివా? అమెరికాలోని వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ 2023లో లెక్కకట్టి, 2010కి ముందు ఆ దేశంలో వచ్చిన ఆటల్లో 87 శాతం ఈనాడు ఏ అంగడిలోనూ న్యాయంగా కొనడానికి దొరకడం లేదని తేల్చింది. డిస్కులు లేకుండా తెరమీదే కొనే అంగళ్ళ సంగతి ఇంకా అన్యాయం. నింటెండో వారు 3డీఎస్, వీ యూ యంత్రాల అంగళ్ళను 2023 మార్చిలో మూసివేశారు. అందువల్ల చేతిలో డిస్కు ఉన్నవాడు అదృష్టవంతుడు. ఆ అదృష్టం డిస్కు చెడేదాకానే.

సరే, చట్టం. మన 1957 నాటి కాపీరైట్ చట్టంలోని 52వ సెక్షన్ చదివాను. కంప్యూటర్ ప్రోగ్రామును న్యాయంగా పొందినవాడు నష్టం, నాశనం, పాడవడం నుంచి రక్షణగా బ్యాకప్ ప్రతి తీసుకోవడం ఉల్లంఘన కాదంటుంది. స్వయంగా న్యాయంగా పొందిన ప్రతి నుంచి, వ్యాపారానికి కాక సొంత వాడుకకు ప్రతి తీసుకోవడమూ కాదంటుంది. 2012లో చేరిన 65ఏ సెక్షన్ తాళాలు పగలగొట్టడాన్ని నేరం చేసింది గాని, హక్కులను ఉల్లంఘించే ఉద్దేశంతో చేస్తేనే. నేను న్యాయవాదిని కాను, వాక్యం అన్వయించడం మాత్రం వచ్చినవాణ్ణి. ఆ వాక్యాల అన్వయం నాకు ఇలా తోచింది. అమెరికా చట్టం ఇంతకంటే బిగువు. ఎక్కడా అమ్మకానికి లేని పాత ఆటలను పరిశోధకులకు దూరం నుంచి చూపించడానికి గ్రంథాలయాలు అనుమతి అడిగితే 2024 అక్టోబరులో అక్కడి కాపీరైట్ కార్యాలయం సిఫారసు మీద దాన్ని నిరాకరించారు. పరిశోధన పేరుతో సరదాగా ఆడుకుంటారేమోనని అనుమానమట. ప్రబంధాన్ని సరదాకు చదువుతారేమోనని గ్రంథాలయానికి తాళం వేసినట్టుంది.

ఇప్పుడు అవతలివారి వాదం. "ప్రతి తీయడం నేర్చుకున్నవాడు పంచడం మానడు" అంటారు. నిజమే. మా ఇంటి నలభై డిస్కుల్లో ముప్పాతిక వంతు అలా పంచుకున్నవే కదా! అందుకే ఇంట్లో ఒక నియమం పెట్టాను. అసలైన పదకొండింటికే ప్రతి. ఫుట్‌పాత్ డిస్కులకు ప్రతి తీయడం చీటీకి చీటీ రాసుకోవడమే. మా అబ్బాయి వాదించాడు, "అవి కూడా పోతాయి కదా నాన్నా, అందులో అరుదైనవీ ఉన్నాయి" అని. ఆ మాటకు నా దగ్గర గట్టి జవాబు లేదు. అరుదైన గ్రంథం దొంగ ఇంట దొరికితే వదిలేస్తామా అని వాడు అడిగితే ఆ రాత్రి నాకు సరిగా నిద్ర పట్టలేదు. అయినా నియమం నియమమే అన్నాను. బహుశా అది పండితుడి మొండితనం కావచ్చు.

నియమానికి అసలు పరీక్ష హనుమంతుడి దగ్గర వచ్చింది. మిగిలినవి చకచకా నడిచాయి. ఇది చివరి భాగంలో పదహారు సెక్టార్ల దగ్గర ఆగిపోయింది. డ్రైవు గురగురమంటుంది, ముందుకు కదలదు. మా అబ్బాయి "ఎవరో ఎక్కడో నెట్‌లో పెట్టి ఉంటారు, దించుకుంటే సరి, మనం ఎలాగూ కొన్నాం కదా" అన్నాడు. చట్టంలోని మాట 'స్వయంగా పొందిన ప్రతి నుంచి' అని ఉంది. ఇంకొకరి ప్రతి నుంచి అని లేదు. అంతకంటే నాకు పట్టుకున్న సంకోచం వేరు. శిథిలమైన పద్యంలో లేని పాదాన్ని సొంతంగా పూరించి కవి పేరు పెట్టినవారిని జీవితమంతా తిట్టుకున్నాను. ప్రక్షిప్తం ఎంత చిన్నదయినా ప్రక్షిప్తమే. మన డిస్కు లోంచి రాగలిగినంత రాబట్టిన తరువాతనే మిగతా మాట అన్నాను.

మెత్తని గుడ్డతో మధ్యనుంచి అంచుకు తిన్నగా తుడిచాను. గుండ్రంగా తుడవకూడదట, గుండ్రని గీత పడితే ఒకే చోటి అక్షరాలు వరుసగా పోతాయి. మళ్ళీ ఆగింది. అప్పుడు మా వీధి చివర ఫోటో స్టూడియో అతని దగ్గరున్న పాత డ్రైవు అరువు తెచ్చాం. పెళ్ళి సీడీలు రాసి రాసి అరిగిన డ్రైవు అది. ఒక డ్రైవు చదవలేనిది ఇంకొకటి చదువుతుందని అప్పుడే తెలిసింది. ఒకరికి బోధపడని చేవ్రాత ఇంకొకరికి బోధపడ్డట్టు. రెండు గంటలు పట్టింది గాని, ఆ పదహారూ వచ్చాయి. నమ్మలేక రెండోసారి తీయించాను. రెండు ముద్రలనూ కాగితం మీద రాసుకుని, ఒక్కొక్క అక్షరం కింద పెన్సిలు పెట్టి ఇద్దరం చదువుకున్నాం, ఒకరు చదువుతుంటే ఒకరు సరిచూస్తూ. ముప్ఫై రెండూ కలిశాయి.

అనుకర్తకు పాత యంత్రంలోని మూల ప్రోగ్రాము, బయోస్ అంటారు, అది కూడా కావాలి. దాన్ని మా పీఎస్2లోంచే మా అబ్బాయి తీశాడు. ఆ తంతు నాకు అర్థం కాలేదు గనుక వర్ణించను. ఆదివారం సాయంత్రం హనుమంతుడు కంప్యూటరు తెర మీద లేచాడు. మా మనవడు పది నిమిషాలు ఆడి, "బొమ్మలు బాగా లేవు తాతయ్యా" అని లేచిపోయాడు. వాణ్ణి తప్పుపట్టలేదు. పదకొండింటిలో పది అయ్యాయి. పదకొండోది, దీపానికి అడ్డం పెడితే ఎక్కువ చుక్కలు కనబడినది, రెండు డ్రైవుల్లోనూ తిరగడం లేదు. మూడో డ్రైవు కోసం తెలిసినవాళ్ళను అడుగుతున్నాను.